యోగ్యకర్తలో ఒక నెల

కార్తిక పూర్ణిమనాడు తెల్లవారకముందే మా బరంపురంలో మన ఆడవారు చెరువుకు పోయి, అరటిదొప్పలో దీపం పెట్టి నీటిమీద వదలుతారు. ఆ గట్టుమీదనే ఒడియావారు అరటిబోదెతోను, కాగితంతోను చేసిన పడవబొమ్మలు వదలుతారు. పూర్వం ఈ కళింగతీరం నుండి జావాకు, బలికి ఓడలమీద పోయిన వర్తకుల జ్ఞాపకం అది. ఆనాడే కటకంలో మహానది ఒడ్డున ఆరంభమయ్యే పెద్ద సంతకు బాలియాత్ర అని పేరు. చిన్ననాటి నుండి ఆ పడవలను చూస్తూ వచ్చినాను గాని, ఆ దారిని నేనుగూడ పోతానని ఎన్నడూ అనుకోలేదు. 2020 జనవరిలో పోయినాను. ఓడలో గాదు, భువనేశ్వరంలో విమానమెక్కి, కౌలాలంపూరులో మారి, మరునాటి మధ్యాహ్నానికి జావా నడిబొడ్డున యోగ్యకర్త నగరంలో దిగినాను.

పిలిపించినది మా మనుమరాలు. ఇండోనేషియా ప్రభుత్వం 1974లో విదేశీ విద్యార్థుల కొరకు ఒక విద్యార్థివేతనం నెలకొల్పినది. దాని పేరు 'దర్మసిస్వ'. మన ధర్మశిష్య శబ్దమే ఆ నీటిలో మునిగి తేలి అట్లా అయినది. మైనం పూసి బట్టకు రంగులద్దే బాతిక్ పనిని నేర్చుకొనడానికి మా పిల్ల ఆ వేతనంమీద 2019 సెప్టెంబరులో అక్కడకు పోయినది. పదిహేడవ శతాబ్దంలో మచిలీపట్నపు అద్దకాలు డచ్చివారి ఓడలలో ఆ ద్వీపాలకు పోయేవి గదా, ఇప్పుడు పని నేర్వడానికి మనమే పోతున్నామా అని ఇంట్లో ఎవరో అన్నారు. నా కది తప్పుగా తోచలేదు. నాడు మనవారికి వీసా లేకుండానే ముప్పది దినాలు ఉండే వీలుండేది. ముప్పది దినాలూ ఉన్నాను.

యోగ్యకర్తను అక్కడివారు 'జోగ్జా' అంటారు. అయోధ్య పేరుమీద వెలసిన ఊరట. దానికి మరొక బిరుదు 'విద్యార్థినగరం'. డచ్చివారితో స్వాతంత్ర్యపోరాటం జరుగుతున్న రోజులలో, 1946 మొదలు 1949 చివరివరకు, ఆ గణతంత్రానికి ఈ నగరమే రాజధాని. గజమద విశ్వవిద్యాలయం 1949 డిసెంబరులో అక్కడ పుట్టినది. మొదట దానికి సొంత భవనాలు లేక, సుల్తానుగారి కోటలోని మండపాలలో పాఠాలు చెప్పినారు. రాజుగారి సభామండపంలో రైతుబిడ్డ కూర్చుండి న్యాయశాస్త్రం చదివిన దృశ్యాన్ని ఊహించుకొని నాకు సంతోషమైనది. ఇప్పుడు ఆ ఊరిలో ఏ సందు తొక్కినా విద్యార్థులే. ఇండ్లవారు వెనుకభాగంలో వరుసగా గదులు కట్టి నెల అద్దెకిస్తారు. ఆ గదిని 'కోస్' అంటారు. ఇంటి యజమానురాలు 'ఇబు కోస్', అనగా గదుల తల్లి. మా పిల్ల ఉన్నది ఆడపిల్లల కోస్. రాత్రి పది గంటలకు ఇబు కోస్ గేటుకు తాళం వేస్తుంది. ఆ గేటు దాటి లోపలికి పోవడానికి తాతలకుగూడ అనుమతి లేదు. కాబట్టి ఎదురింట ఒక విశ్రాంత గుమాస్తాగారి గదిలో నన్ను దింపినారు.

నేను ముప్పది యేండ్లు తెలుగు చెప్పినవాణ్ణి. ఎక్కడికి పోయినా ముందు మాటలమీద దృష్టి పడుతుంది. కాలేజీ విద్యార్థిని వారు 'మహాసిస్వ' అంటారు. గ్రంథాలయం 'పెర్‌పుస్తకాన్'. ముందూ వెనుకా ఉన్న తొడుగులు తీసివేస్తే నడుమ మన పుస్తకం ఉన్నది. వసతిగృహం 'అస్రమ', పట్టప్రదానం 'విసుద', అనగా విశుద్ధం. ఇవన్నీ పాతకాలపు మాటలు, మనకు ఆశ్చర్యం కలిగించవు. నన్ను నిలువరించినవి కొత్తకాలపు మాటలు. చేతిఫోనులో ఉండే లోకానికి వారు పెట్టుకొన్న పేరు 'దునియా మాయా'. దునియా అరబ్బీనుండి వచ్చినది, మాయ మన దగ్గరనుండి. జగత్తు మాయ యని నిరూపించడానికి మన పెద్దలు భాష్యాలు వ్రాయవలసివచ్చినది. వీరికి రెండు మాటలతో సరిపోయినది. తన ఛాయాచిత్రాన్ని తానే తీసికొంటే అది 'స్వాఫోతో'. ఆ మొదటి అక్షరం మన స్వశబ్దమే. ఆ మాయాలోకపు పౌరులు 'వార్గానెట్'. అందులో ఉన్నది వర్గశబ్దం. అంతర్జాలంలో ఉండటం 'దారింగ్', అనగా వలలోపల అనే రెండు మాటల పొట్టిరూపం. లేకపోవడం 'లూరింగ్', వలవెలుపల. అక్కడినుండి దేనినైనా దించుకొనడం 'ఉందుహ్'. జావావారి పల్లెలో ఆ మాటకు చెట్టునుండి పండు కోయడమని అర్థం. పైకి పంపడం 'ఉంగ్గాహ్', అనగా ఎక్కడం. చెట్టెక్కడం, పండు కోయడం! ఇంత చక్కని మాటలు మనకెందుకు పుట్టలేదని ఒక పూట చింతించినాను.

ఐతే పిల్లలందరూ ఈ మాటలే పలుకుతారని భ్రమపడనక్కరలేదు. తమలో తాము వారు డౌన్‌లోడ్ అనే అంటారు. పత్రికలో, ప్రభుత్వ ప్రకటనలో, అధ్యాపకునికి వ్రాసే లేఖలో ఉందుహ్ వస్తుంది. తమలో తాము మాట్లాడుకొనేది వేరొక భాష. వారికి మాటలు కత్తిరించి అతికించడమంటే మహా సరదా. కదలడానికి బద్ధకమైతే రెండు మాటల తలలు నరికి 'మాగెర్' అంటారు. ప్రతిదానినీ మనసుకు పట్టించుకొనేవాడు 'బాపెర్'. ఆశపెట్టి మోసగించేవారిని మూడక్షరాల సంక్షిప్తనామంతో పిలుస్తారు: పి.హెచ్.పి. కంప్యూటరు భాషకు ఆ పేరే ఉన్నదని తెలిసి, ఆ శాస్త్రం చదివే పిల్లలు మరింత నవ్వుకొంటారు.

ఆ భాషను వినడానికి తగిన చోటు అంగ్‌క్రింగాన్. అది చక్రాలమీది చిన్న బండి. టార్పాలిన్ కింద బల్ల, మూడు కెటిల్స్, బొగ్గులపొయ్యి. అరటియాకులోను, కాగితంలోను చుట్టిన గుప్పెడన్నం పొట్లాలు వరుసగా పేర్చి ఉంటాయి. దాని పేరు పిల్లియన్నం. పిల్లికి పెట్టేంత అన్నమని భావం. పిల్లి మాంసం గాదు సుమా, నేను భయపడి అడిగి తెలిసికొన్నాను. రైలుస్టేషను దగ్గర కాఫీలో కణకణలాడే బొగ్గు వేసి ఇస్తారు. విద్యార్థులు చాపమీద చతికిలబడి, ఒక చేత ఆ కాఫీ, ఒక చేత ఫోను పట్టుకొని అర్ధరాత్రి దాకా కూర్చుంటారు. ఒకే చాపమీద ఆరుగురు కూర్చుండి, ఆరుగురూ ఫోనులలోకి చూస్తూ ఉండగా, ఉన్నట్టుండి అందరూ ఒక్కమారుగా నవ్వినారు. ఒకరు పంపిన బొమ్మ అందరికీ చేరినదట. నాకు మొదట కోపం వచ్చినది. తరువాత, ఊరి రచ్చబండమీద చుట్టలు కాల్చుకొంటూ గంటకొక మాట ఆడే మా తాతగారి స్నేహితులు జ్ఞాపకం వచ్చి ఊరుకొన్నాను.

ఈ ఫోను సంస్కృతి ఆకాశంనుండి ఊడిపడినది గాదు. మా మనుమరాలి స్నేహితురాలు, ఇప్పుడు చెప్పబోయే కథకు నాయిక, తన మేనమామను నాకు చూపినది. ఆయన ఒకప్పుడు 'వార్నెట్' నడిపినాడు. వారుంగ్ అంటే చిన్న దుకాణం. అంతర్జాలపు దుకాణం వార్నెట్. ఇంటింటా కంప్యూటరు లేని కాలంలో, ప్లైవుడ్ తడికల మధ్య కూర్చుండి గంట లెక్కన డబ్బిచ్చి విద్యార్థులు లోకాన్ని చూచినది అక్కడనే. 1998 మే నెలలో విద్యార్థులు జకర్తాలో పార్లమెంటు భవనాన్ని ఆక్రమించి కూర్చుండగా, ముప్పదిరెండేండ్లు ఏలిన సుహార్తో 21వ తేదీన గద్దె దిగినాడు. పత్రికలు వ్రాయజాలని వార్తలను ఆనాడు కంప్యూటరునుండి అచ్చు తీసి, జిరాక్సు చేసి పంచేవాళ్ళమని ఆ మేనమామ చెప్పినాడు. యోగ్యకర్తలో గెజాయాన్ అనే వీధి ఉన్నది. అక్కడ ఆ నెల 8వ తేదీన జరిగిన అలజడిలో చనిపోయిన వ్యక్తి పేరు మోసెస్ గతుత్కచ. క్రైస్తవుల మోషే, మన ఘటోత్కచుడు ఒకే పేరులో! ఆ ప్రక్కనున్న ఒక వీధికి ఇప్పుడాయన పేరే. 2019 సెప్టెంబరు 23న అదే కూడలిలో వేలకొలది విద్యార్థులు మళ్ళీ చేరినారు. శిక్షాస్మృతి సవరణలూ, అవినీతి నిరోధకసంఘాన్ని బలహీనపరచే చట్టమూ వారి అభ్యంతరం. 'గెజాయాన్ పిలుస్తున్నది' అనే ఒక్క మాట ఫోనునుండి ఫోనుకు పోయి వారిని అక్కడకు చేర్చినది. మా పిల్ల ఊరికి కొత్త. గేటు లోపలనుండి చూచి మాకు ఫోను చేసినది. 2025లో, ఆగస్టు 17 నాటి స్వాతంత్ర్యదినానికి ముందు, ఒక జపాను బొమ్మలకథలోని గడ్డిటోపీ పెట్టుకొన్న పుర్రెజెండాను వారు ఇండ్లమీద ఎగురవేసి తమ అసమ్మతి తెలిపినారు. ఆ జెండాయే సెప్టెంబరులో ఖాట్మండు వీధులలోగూడ కనబడినది. పిల్లచేష్ట యని దానిని కొట్టివేసిన పెద్దలు పొరబడినారని నా అభిప్రాయం.

ఇంతటి ధైర్యవంతులు ఒక్క చోట మాత్రం వణకుతారు. అధ్యాపకునికి వాట్సాప్‌లో నాలుగు పంక్తులు వ్రాయవలసి వచ్చినప్పుడు. ముందు నమస్కారం, తరువాత తన పేరు, తరగతి, తరువాత వేళగాని వేళ శ్రమ పెడుతున్నందుకు క్షమాపణ, ఆ తరువాతనే విషయం, చివర కృతజ్ఞత. ఎట్లా వ్రాయవలెనో చెప్పుతూ విశ్వవిద్యాలయాలే సూచనపత్రాలు ప్రకటించినవి. సిద్ధాంతవ్యాసం వ్రాసే విద్యార్థి ఒక సందేశం పంపి, అది చదివినట్లు గుర్తు కనిపించిన తరువాత, జవాబుకై మూడు రోజులు వేచియుండటంమీద వారు చేసుకొనే పరిహాసాలకు లెక్కలేదు. మా మనుమరాలి స్నేహితురాలు ఆ నాలుగు పంక్తులను నా ఎదుట ముప్పావుగంట దిద్దినది. 'ఇది ఇండోనేషియా భాష గనుక ఇంతటితో సరిపోయినది తాతగారూ, జావాభాషలో వ్రాయవలసివస్తే చదువే మానివేసేదాన్ని' అన్నది.

ఈ మాట విప్పి చెప్పవలెను. 1928 అక్టోబరు 28న, నేటి జకర్తాలో, దీవిదీవినుండి వచ్చిన యువకులు సభచేసి, మాతృభూమి ఒకటి, జాతి ఒకటి, ఐక్యతాభాష ఇండోనేషియా భాష అని ప్రమాణం చేసినారు. ఆ భాష రేవులలో వర్తకులాడే మలయు భాషనుండి వచ్చినది. దేశజనంలో నూటికి నలుబదిమంది జావావారైనా, తమ భాషను అందరిమీద రుద్దలేదు. అది వారి ఔదార్యం. అందులో కొంత సౌకర్యంకూడ ఉన్నది. ఎందుకనగా జావాభాషలో ఎవరితో మాట్లాడుతున్నామో తెలియనిదే నోరు విప్పడానికి వీలులేదు. సమానునితో ఒక భాష, పెద్దవారితో మరొక భాష. కింది అంతస్తును 'ఙొకో' అంటారు, పై అంతస్తును 'క్రమ' అంటారు. ఙొకో అనే మాట ఙకారంతో మొదలవుతున్నది, గమనించండి. ముప్పది యేండ్లు పిల్లలచేత 'ఙ' దిద్దించినాను. ఆ అక్షరం ఎందుకండీ అని అడిగినవారికి జవాబు చెప్పలేక బెత్తం చూపినాను. జావాలో దానికి చేతినిండా పని ఉన్నది. వీధిపేర్ల పలకలమీద లాటిను అక్షరాల కింద పాత జావాలిపి కనబడుతుంది. మన లిపికి దాయాది, పల్లవలిపి సంతానం. అందులో 'ఙ' ఎక్కడున్నదో వెదకుతూ రెండు మూడు వీధులు తిరిగినాను. కూడ వచ్చిన విద్యార్థులు నన్ను వింతగా చూచినారు. చిన్న తరగతులలో నేర్చి మరచినారట. ఆ లిపికి 2009లో కంప్యూటరులో చోటు దొరికినది. చోటు దొరికినంతమాత్రాన వ్రాసేవారు దొరకరు.

ఆ అమ్మాయిది గునుంగ్‌కిదుల్. నగరానికి ఆగ్నేయంగా సున్నపురాతి గుట్టలు, టేకుచెట్లు, వేసవిలో నీటికి కరవు. ఒక ఆదివారం మమ్మల్ని తన ఊరికి తీసికొనిపోయినది. ఆమె అవ్వకు ఎనుబది దాటినవి. నేలమీద చాప పరచి, కర్రపెండలపు పిండిని ఆవిరిమీద ఉడికించిన తివుల్ అనే వంటకం పెట్టినది. బియ్యం దొరకని రోజులలో ఆ గుట్టలవారి ప్రాణాలు నిలిపిన తిండి అది. ఆప్యాయంగా నా మోకాలు తట్టి ఏదో అన్నది. నేను తెలుగులో ఏదో అన్నాను. మా ఇద్దరికీ ఏ ఇబ్బందీ కలుగలేదు. ఇబ్బంది ఆ మనుమరాలికి కలిగినది.

నీవు తిన్నావా అని అవ్వ అడిగినది. పిల్ల తడబడుతూ, 'కులొ సంపున్ డహర్' అన్నది. నేను తిన్నాను అని చెప్పబోయినది. గదిలో ఉన్న పినతల్లి పిల్లలు పకపక నవ్వినారు. తినడానికి ఙొకోలో 'మఙాన్'. పెద్దల ఎదుట తన్ను గురించి చెప్పుకొనేటప్పుడు 'నెడ'. 'డహర్' అనేది గౌరవనీయులు భోజనం చేయడం. దానిని తన పట్ల వాడుకొనరాదు. అనగా ఆ పిల్ల 'అవ్వా, నేను ఆరగించినాను' అన్నదన్నమాట! అవ్వ నవ్వలేదు. మెత్తగా 'నెడ' అని సరిదిద్ది, నా వైపు తిరిగి మరికొంత తివుల్ వడ్డించినది. పిల్ల ముఖం మాత్రం వాడిపోయినది. ఆ తరువాత అవ్వతో ఒక్కమాట గూడ జావాభాషలో మాట్లాడలేదు. ఇండోనేషియా భాషలో అన్నది. అది అవ్వకు సగమే తెలుస్తుంది. ఆ సగంతో ఇద్దరూ కొంతసేపు నడచి, తరువాత ఊరుకొన్నారు. వేలకొలది జనాన్ని ఒక్క మాటతో కూడలికి చేర్చగల తరం, అవ్వ ఎదుట మూగయై, ఫోను తీసి దానిలోకి చూస్తూ కూర్చున్నది.

నేను ఉపాధ్యాయుణ్ణి గదా, ఊరుకొనలేక, 'అవ్వ దిద్దడం మంచిదే. దిద్దకపోతే భాష ఎట్లా నిలుస్తుంది?' అన్నాను. మా మనుమరాలు ఆ మాటను వారి భాషలోకి మార్చలేదు. నా వైపు ఒకసారి చూచి ఊరుకొన్నది.

కొంతసేపటికి ఆ అమ్మాయి ఫోనులోనుండి పాట వినిపించినది. పాడినవాడు దీదీ కెంపొత్. జావాభాషలో ఎడబాటు పాటలు కట్టి పాడినవాడు. మొదట కాలిబాటలమీద పాడుకొని బ్రతికినాడు. కెంపొత్ అనే పేరే కాలిబాట గాయకుల బృందమనే మాటల పొట్టిరూపం. సోలో నగరపు బాలాపాన్ రైలుస్టేషనులో సాగనంపిన ప్రియురాలికై ఎదురుచూచే పాట ఆయనకు పేరు తెచ్చినది. క్యాసెట్ల కాలంలో పల్లెవారి గాయకుడు. తరువాత చాలకాలం చదువుకొన్న పిల్లలు ఆయనను పట్టించుకొనలేదు. 2019లో ఒక విచిత్రం జరిగినది. ఆయన పాడుతుండగా ఏడ్చే యువకుల వీడియోలు ట్విట్టరులోను, యూట్యూబులోను వ్యాపించి, దేశంలోని విద్యార్థిలోకం ఆయనను తలకెత్తుకొన్నది. భగ్నహృదయుల పెదనాన్న అని బిరుదిచ్చినారు. తమకు తాము 'సొబాత్ అంబ్యార్' అని పేరు పెట్టుకొన్నారు. అంబ్యార్ అంటే ముక్కలుముక్కలైనదని. ఏబది దాటిన మనిషి, జరీపువ్వుల జావా చొక్కా, తలకు చుట్టిన బాతిక్ గుడ్డ. ఎదుట ఇరువదేండ్ల పిల్లలు వేలమంది, ప్రతి అక్షరమూ నోటికి వచ్చి పాడుతూ. జావాభాష ఎరుగని సుమత్రా పిల్లలుగూడ ఆ పాటలకోసం మాటలు నేర్చినారని ఈ అమ్మాయి చెప్పినది.

ఆ పాటలు ఙొకోలో ఉంటాయి. అక్కడ ఎవరు పెద్ద, ఎవరు చిన్న అనే భయం లేదు. గుండె పగిలినవాడు క్రియారూపాలు చూచుకొనడు. పాట వినగానే అవ్వ తల యెత్తినది. ఆమెకు ఆ పాట క్యాసెట్టునాటి నుండి తెలుసు. రెండవ చరణంలో అవ్వ గొంతు కలిపినది. మనుమరాలు కలిపినది. ఆ పాట ముగిసిన తరువాత మరొకటి, దాని తరువాత ఇంకొకటి. పాటకు పాటకు నడుమ ఇద్దరూ ఏదో మాట్లాడుకొన్నారు, జావాభాషలోనే. ఎవరు ఏ అంతస్తులో మాట్లాడినారో నాకు తెలియదు; మా పిల్లనడిగితే, 'ఇప్పుడది ఎందుకు తాతా' అన్నది.

ఇక్కడ మనవంటి వారికి పనికివచ్చే మాట ఒకటి చెప్పి ముందుకు పోతాను. దక్షిణ అమెరికాలో సురినామ్ అనే చిన్న దేశమున్నది. 1890 మొదలు 1939 వరకు డచ్చివారు ముప్పదివేలకు పైగా జావావారిని కూలిపనికి అక్కడకు తరలించినారు. వారి సంతతి చాలవరకు అక్కడనే స్థిరపడినది. వారికి ఇండోనేషియా భాష రాదు. వారిలో చాలమంది బయలుదేరేనాటికి ఆ ప్రమాణమూ లేదు, ఆ దేశమూ లేదు. వారికి మిగిలినది జావాభాషే. దీదీ కెంపొత్ అక్కడకు పలుమార్లు పోయి పాడినాడు; స్వదేశపు విద్యార్థులు ఆయనను కనుగొనకముందే సురినామ్‌వారికి ఆయన ఆరాధ్యుడు. ఎల్లలు గీచినప్పుడు ఊరు కదలకుండానే పరరాష్ట్రంవారమైన మనకు, 1936 ఏప్రిలు 1న మదరాసు రాష్ట్రంలో నిద్రించవలసి ఒరిస్సాలో మేలుకొన్న గంజాం తెలుగువారికి, ఆ సంగతి వేరే వివరించనక్కరలేదు.

తిరిగి వచ్చేటప్పుడు బస్సులో వాన. మా మనుమరాలు కిటికీవైపు చూస్తూ, 'తాతా, అప్పుడు నా మెసేజి దిద్దీసి పంపినావు గదా, గుర్తుందా?' అన్నది.

గుర్తున్నది. 2017లో అది భువనేశ్వరంలో చదువుతుండగా నాకొక సందేశం పంపినది. ఇంగ్లీషు అక్షరాలతో తెలుగు: 'తాతా, ఏటి చేస్తన్నావు? నాను పరీక్ష బాగా రాసీసినాను.' నేను దానిని కాగితంమీద తెలుగులిపిలో వ్రాసి, 'ఏటి' కొట్టివేసి 'ఏమిటి' అని, 'చేస్తన్నావు' కొట్టివేసి 'చేస్తున్నారు' అని, 'నాను' బదులు 'నేను' అని, 'రాసీసినాను' బదులు 'వ్రాసినాను' అని ఎఱ్ఱసిరాతో దిద్ది, ఛాయాచిత్రం తీయించి పంపినాను. నాలుగు తప్పులని క్రింద వ్రాసినానేమోగూడ. మరునాటినుండి ఆ పిల్ల నాకు ఇంగ్లీషులో వ్రాస్తున్నది. గుడ్ మార్నింగ్, హ్యాపీ దసరా. పిల్ల ఇంగ్లీషులో పైకి వస్తున్నదని నేను పొంగిపోయినాను. మా ప్రాంతంలోనే, పర్లాకిమిడిలో, జనం పలికే తెలుగుకోసం గిడుగు రామమూర్తి పంతులుగారు ఒక జీవితకాలం పోరాడినారు. ప్రతి ఆగస్టు 29న ఆయనమీద ఉపన్యాసం చెప్పేవాణ్ణి నేనే.

బస్సులో నేనేమీ జవాబు చెప్పలేదు. పిల్లగూడ అడుగలేదు. దిగేటప్పుడు నా సంచి తానే తీసికొన్నది.

ఫిబ్రవరిలో నేను, మార్చిలో ఆ పిల్ల, ఇల్లు చేరినాము. కరోనా కారణంగా అక్కడి విశ్వవిద్యాలయాలు మూతపడి, చదువంతా వలలోపలికి పోయినది. 'దారింగ్' అనే మాట అప్పుడు పల్లెలకు ప్రాకినది. గునుంగ్‌కిదుల్ అమ్మాయి ఇంట్లో ఫోనుకు సంకేతం అందదు; గుట్టమీద టేకుచెట్టు కింద చాప వేసికొని పాఠాలు విన్నది. ఆ సెప్టెంబరునుండి ప్రభుత్వం కాలేజీ విద్యార్థులకు నెలకు 50 జీబీ, బడిపిల్లలకు 35 జీబీ చొప్పున అంతర్జాలం ఉచితంగా ఇచ్చినది. సంకేతమే లేనిచోట అది మూతి లేని కుండలో నెయ్యి వంటిది. ఐనా ఆ చెట్టు కిందనే కూర్చుండి, మీద టేకాకులు రాలుతుండగా, ముగ్గురు ఆచార్యుల ఎదుట తన సిద్ధాంతవ్యాసాన్ని సమర్థించుకొన్నది. పొలంనుండి వచ్చేవారు ఎవరితో మాట్లాడుతున్నావని అడుగకుండ, అవ్వ గుట్టకింద కూర్చుండి కాపలా కాసినదట.

ఆ ఏప్రిలులో దీదీ కెంపొత్ తన ఇంటినుండియే పాడి, కరోనా బాధితులకై 700 కోట్ల రూపియాలకు పైగా పోగుచేసినాడు. మన లెక్కలో అది మూడు కోట్ల చిల్లర. ఐనా పాటగానికి అది పెద్ద మొత్తమే. మే 5న హఠాత్తుగా చనిపోయినాడు. యాభైమూడేండ్లు. ఆ ఉదయం మా మనుమరాలు వంటింటి గడపమీద ఫోను పట్టుకొని కూర్చుండి ఏడ్చినది. అటువైపు ఆ అమ్మాయి ఏడుస్తున్నది, ఆమె ప్రక్కన అవ్వ. మా ఇంట్లో వారికి ఎవరు చనిపోయినారో తెలియక కంగారుపడినారు. నేను చెప్పినాను.

ఆ రాత్రి నిద్రపట్టక, ప్రక్కగదిలో ఉన్న పిల్లకు సందేశం వ్రాయబూనినాను. తెలుగు అక్షరాలు ఆ చిన్న పలకమీద ఎక్కడున్నవో తెలిసికొనడానికి చాలసేపు పట్టినది. మొదట 'ఏమి చేయుచున్నావు' అని వ్రాసినాను. తీసివేసినాను. 'ఏటి చేస్తన్నావమ్మా?' అని వ్రాసి, కండ్లు మూసికొని పంపినాను.

గోడ అవతల నవ్వు వినిపించినది. కొంతసేపటికి జవాబు వచ్చినది, ఇంగ్లీషు అక్షరాలలో: 'తాతా, నువ్వు కూడా ఏటి అన్నావేటి?'

ఇప్పుడా పిల్ల ఉద్యోగరీత్యా పూనాలో ఉన్నది. వారానికి రెండు మూడు ఉత్తరాలు వస్తాయి. తెలుగే, లిపి మాత్రం ఇంకా ఇంగ్లీషుదే. దానిని గురించి నేను ఇంతవరకు ఏమీ అనలేదు. వాళ్ళ అమ్మమ్మకు కండ్లు సరిగా కానరావు గనుక, సాయంకాలం అరుగుమీద కూర్చుండి, వ్రాసినది వ్రాసినట్లే, నాను, రాసీసినాను అన్నీ ఉంచి, పైకి చదివి వినిపిస్తాను.